యాప్‌లో పచ్చ రంగు, వీధిలో పొగ: తిరుపతి గాలి గురించి తెలిసినవాళ్ళు చెప్పండి

వేపచెట్టు ఇల్లు (కరకంబాడి రోడ్డు, తిరుపతి), గురువారం రాత్రి 9:50

అందరికీ నమస్కారం. భోగి అయిపోయి నాలుగు రోజులైంది, మా పాపకు రాత్రిపూట దగ్గు ఇంకా తగ్గలేదు. ఏడేళ్ళ పిల్ల. పడుకున్నాక పిల్లికూతలు వినిపిస్తాయి. డాక్టరు గారు ఇన్‌హేలర్ రాసిచ్చి, పొగకూ దుమ్ముకూ దూరంగా ఉంచమన్నారు. ఎక్కడికని దూరంగా ఉంచేది? మా సందు చివర ఖాళీ స్థలంలో కసువు కుప్ప ఉంది. వారంలో మూడు నాలుగు రోజులు దానికి ఎవరో ఒకరు నిప్పు పెడతారు. కిటికీలు మూసినా ప్లాస్టిక్ కాలిన కమురు వాసన లోపలికి వస్తుంది.

ఈ రోజూ అంతే. ఎదురుగా పొగ కనిపిస్తుండగానే ఫోన్‌లో చూశాను. తిరుపతి, ఏక్యూఐ (గాలి నాణ్యత సూచీ) 42, పచ్చ రంగు, గాలి బాగుంది అని ఉంది. నాకు ఏడుపొచ్చింది. నా ముక్కును నమ్మాలా, ఫోన్‌ను నమ్మాలా? ఇంట్లో పెట్టుకునే మీటర్లు ఆన్‌లైన్‌లో అమ్ముతున్నారు. కొంటే ఉపయోగం ఉంటుందా? కొంచెం వివరంగా చెప్పండి.

గాలిమర (తిరుపతి), గురువారం రాత్రి 10:15

అక్కా, ముందు ఒకటి చూసి చెప్పండి. ఆ 42 కింద చిన్న అక్షరాల్లో గాలిని కొలిచే స్టేషన్ పేరు ఉంటుంది. ఏముంది?

వేపచెట్టు ఇల్లు, రాత్రి 10:18

తిరుమల అని ఉంది తమ్ముడూ.

గాలిమర, రాత్రి 11:05

అదే అనుకున్నాను. మీ ఫోన్ చెప్పింది కొండమీది గాలి సంగతి. తిరుపతి పేరుతో రాష్ట్ర కాలుష్య నియంత్రణ మండలి స్టేషన్లు రెండున్నాయి. తిరుమలలో ఒకటి, కింద వైకుంఠపురంలో ఒకటి. తిరుమల సముద్ర మట్టానికి 850 మీటర్ల ఎత్తున, చుట్టూ అడవి మధ్యలో ఉంది. మన ఊరు ఆ కొండ పాదం దగ్గర 160 మీటర్ల ఎత్తున ఉంది. యాప్ ఏ స్టేషన్‌ను పట్టుకుంటే ఆ అంకె మీకు కనిపిస్తుంది. కేంద్ర కాలుష్య నియంత్రణ మండలి వాళ్ళ సమీర్ యాప్ వేసుకోండి, అందులో స్టేషన్ పేరు చూసి మనమే ఎంచుకోవచ్చు. వైకుంఠపురం పెట్టుకోండి.

అయితే వైకుంఠపురం అంకె చూసినా మీ సందులో పొగ అందులో కనిపించదు. ఇది అర్థమైతే సగం దిగులు తీరుతుంది కాబట్టి కొంచెం ఓపిగ్గా చదవండి. మన దేశపు ఏక్యూఐలో పీఎం 2.5 (గాలిలోని బాగా సన్నటి రేణువులు), పీఎం 10 (కొంచెం పెద్ద రేణువులు కూడా కలిపి) లెక్కలు 24 గంటల సగటు మీద వేస్తారు. ఒక ఉదాహరణ చూడండి. రోజులో 23 గంటలు పీఎం 2.5 క్యూబిక్ మీటరుకు 30 మైక్రోగ్రాములు ఉంది. ఒక్క గంట కసువు తగలబడి 300 అయింది. మొత్తం కలిపి 24తో భాగిస్తే సగటు 41 వస్తుంది. ఏక్యూఐగా మారిస్తే 70 లోపే. అంటే "సంతృప్తికరం". ఆ ఒక్క గంట మీ పాప పీల్చింది మాత్రం 300.

ఇంకొకటి. ఏక్యూఐ ఎనిమిది కాలుష్యాలను చూస్తుంది. పీఎం 2.5, పీఎం 10, నైట్రోజన్ డయాక్సైడ్, సల్ఫర్ డయాక్సైడ్, కార్బన్ మోనాక్సైడ్, ఓజోన్, అమ్మోనియా, సీసం. ఒక్కొక్కదానికి మార్కులు వేసి, ఆ రోజు అన్నిటికంటే ఎక్కువ వచ్చినదాన్నే ఏక్యూఐ అంటారు, సగటు తీయరు. అందుకే అంకెతో పాటు ఆ రోజు ఏ కాలుష్యం వల్ల ఆ అంకె వచ్చిందో కూడా చూడాలి. మీ పాప విషయంలో ముందు చూడాల్సింది పీఎం 2.5. వెంట్రుక మందంలో సుమారు ముప్పయ్యో వంతు ఉండే రేణువులు. ముక్కులో ఆగకుండా ఊపిరితిత్తుల చివరిదాకా పోతాయి.

మీటరు కొనేముందు దాని స్కేలు కూడా చూడండి. చాలా మీటర్లలో అమెరికా లెక్క ఉంటుంది. పీఎం 2.5 ఒకేలా 45 ఉన్నా మన లెక్కలో ఏక్యూఐ 75, అమెరికా లెక్కలో 124. రంగులు కూడా మారిపోతాయి. అందుకే నేను ఏక్యూఐ వదిలేసి మైక్రోగ్రాములే చూస్తాను. మన దేశ ప్రమాణం 24 గంటలకు 60. 2021లో ప్రపంచ ఆరోగ్య సంస్థ పెట్టిన మార్గదర్శకం 15. ఏడాది సగటు అయితే మనది 40, వాళ్ళది 5.

కపిలతీర్థం వాకర్, శుక్రవారం ఉదయం 7:30

చాలా బాగా చెప్పావు నాయనా. నా వయసు 66. పొద్దున నాలుగున్నరకు లేచి కపిలతీర్థం రోడ్డులో నడుస్తాను. ఆ వేళ బండ్లు ఉండవు కదా, గాలి శుభ్రంగా ఉంటుందనే నమ్మకం. ఈ మధ్య చలికాలంలో గొంతు మండుతోంది. ఇది మంచు వల్లా, గాలి వల్లా?

గాదంకి దారి (పాకాల), శుక్రవారం ఉదయం 8:10

సార్, నేను హైస్కూల్లో భౌతికశాస్త్రం చెబుతాను. అన్నం గిన్నె మీద మూత పెట్టామనుకోండి, ఆవిరి లోపలే తిరుగుతుంది. చలికాలం రాత్రి మన ఊరి మీద కూడా అలాంటి మూతే పడుతుంది. ఎండ పోయాక నేల త్వరగా చల్లబడుతుంది, నేలను ఆనుకున్న గాలీ చల్లబడుతుంది. పైన వెచ్చటి గాలి ఉంటుంది. కింది గాలి బరువు కాబట్టి పైకి లేవదు. దానికి తోడు ఉత్తరాన శేషాచలం గోడలాగా ఉంది. రాత్రి వాలు మీద చల్లబడిన గాలి కిందికి జారి కొండ పాదం దగ్గర చేరుతుంది. రాత్రి కాల్చిన కసువు, లారీల పొగ, పొద్దున్నే నీళ్ళ కాగు కింద పెట్టిన కట్టెల పొగ, అన్నీ ఆ మూత కిందే ఉంటాయి. నాలుగున్నరకు బండ్లు లేకపోవచ్చు, కానీ నిన్న రాత్రి పొగ ఇంకా పోలేదు.

ఎండ ఎక్కాక నేల వేడెక్కి గాలి కలగాపులగం అవుతుంది. మధ్యాహ్నానికి ఆ కలిసే పొర కిలోమీటరు దాటి లేస్తుంది. అందుకని చలికాలంలో ఎనిమిదిన్నర తొమ్మిదికి నడవండి. ఎండాకాలం అయితే తెల్లవారుజామునే మేలు. ఎండలో బండ్ల పొగలోని వాయువుల నుంచి ఓజోన్ పుడుతుంది, మధ్యాహ్నం అది జాస్తి.

ఒకసారి పిల్లల్ని గాదంకిలో జాతీయ వాతావరణ పరిశోధనశాలకు తీసుకెళ్ళాను. ఎంఎస్‌టీ రాడార్ దగ్గర 1,024 యాంటెనాలు బారులు తీరి ఉంటాయి, పైన పదుల కిలోమీటర్ల ఎత్తులో గాలి కదలికలను కూడా చూస్తుంది. "మన పల్లె పక్కనా సార్ ఇది!" అని పిల్లలు నోరు తెరిచారు. తిరుపతి, చిత్తూరు మధ్య ఇంత శాస్త్రం ఉంటే, మన వీధి గాలి గురించి మనకు ఇంత తక్కువ తెలియడం నాకు బాధగా ఉంటుంది.

కట్టమంచి గట్టు (చిత్తూరు), శుక్రవారం మధ్యాహ్నం 1:40

మా ఊరి గురించి కూడా చెబుతాను. 2019 జనవరిలో కేంద్రం జాతీయ స్వచ్ఛ వాయు కార్యక్రమం మొదలుపెట్టింది. ప్రమాణాలు అందుకోని ఊర్ల జాబితాలో మన రాష్ట్రంవి 13 ఉన్నాయి, అందులో చిత్తూరు ఉంది, తిరుపతి లేదు. మా దగ్గర గంగినేని చెరువు దగ్గర స్టేషన్ ఉంది. జాబితాలో మా ఊరు ఉందని మొదటిసారి చదివినప్పుడు నమ్మలేదు. ఇంత చిన్న ఊరికేం కాలుష్యం అనుకున్నాను.

మా అన్న గ్రానైటు పాలిష్ యూనిట్‌లో పనిచేసేవాడు. ఇంటికొస్తే కనురెప్పల మీద కూడా తెల్లటి పొడి ఉండేది. నేను మూడేళ్ళ కిందట ఒక చిన్న మీటరు కొని, యూనిట్‌కు దగ్గరలో ఉన్న మా పిన్నమ్మ వాళ్ళ వసారాలో పెట్టాను. పీఎం 2.5 చూస్తే 35, 40 మధ్యే. బల్ల మీద వేలితో పేరు రాసేంత దుమ్ము, మీటరులో ఏమీ లేదు. పాడైందని పక్కన పడేశాను. ఇది ఎందుకైంది ఎవరైనా చెప్పగలరా?

టంకం తమ్ముడు (ఎం.ఆర్.పల్లి, తిరుపతి), శుక్రవారం సాయంత్రం 6:20

అన్నా, మీ మీటరు బాగానే ఉండుంటుంది. ఇలాంటివి నేను ఇంట్లో తయారుచేస్తుంటాను కాబట్టి చెబుతున్నా. లోపల వేలెడంత ఫ్యాన్ గాలిని లాగుతుంది. రేణువుల మీద లేజర్ కాంతి పడి చెదురుతుంది. చెదిరిన కాంతిని బట్టి ఎన్ని రేణువులున్నాయో లెక్కవేసి, దాన్ని బరువుగా ఊహిస్తుంది. పొగ లాంటి సన్నటి రేణువులను ఇది బాగా పట్టుకుంటుంది. రాతిపొడి, రోడ్డు దుమ్ము లాంటి పెద్ద రేణువులు ఆ చిన్న ఫ్యాన్‌కు సరిగ్గా అందవు, లేజర్ దాకా వచ్చేవి తక్కువ. అందుకే చవక మీటరు పీఎం 10 అని చూపించే అంకెను నేను అసలు పట్టించుకోను. దుమ్ము సమస్య ఉన్నచోట మీటరు పచ్చగా ఉందని ధైర్యపడకూడదు. అందులోనూ గ్రానైటు పొడిలో సిలికా ఉంటుంది, ఏళ్ళ తరబడి పీలిస్తే సిలికోసిస్ అనే ఊపిరితిత్తుల జబ్బు రావచ్చు. కోసేటప్పుడు, పాలిష్ పట్టేటప్పుడు నీళ్ళు పోస్తూ చేస్తే పొడి లేవడం చాలా తగ్గుతుంది.

నా సొంత తప్పు కూడా ఒకటి చెప్పాలి. రేణువులను కొలిచే ప్లాంటవర్ పీఎంఎస్ 5003 సెన్సర్, దాని అంకెలను వైఫైలో పంపే ఒక ఈఎస్‌పీ 8266 బోర్డు ఒక పెట్టెలో కలిపి మిద్దె మీద పెట్టాను. అంతా కలిపి నాలుగు వేల లోపే అయింది. ధనుర్మాసం, తెల్లవారుజామున మైకులో పాశురాలు వస్తున్నాయి, బయట మంచు. సెన్సర్ 180 చూపించింది. వెంటనే ఫోటో తీసి మా కాలేజీ గ్రూపులో పెట్టేశాను, అందరూ భయపడ్డారు. తర్వాత చూస్తే తేమ 95 శాతం. రేణువులు తేమ పీల్చుకుని ఉబ్బుతాయి, లేజర్‌కు పెద్దవిగా కనిపిస్తాయి. అదే గంటకు వైకుంఠపురం స్టేషన్‌లో అందులో సగం కూడా లేదు. గ్రూపులో తప్పు ఒప్పుకుంటూ మళ్ళీ రాశాను. అప్పటినుంచి తేమ సెన్సర్ లేకుండా ఎవరికీ పెట్టె ఇవ్వడం లేదు. తేమ 80 దాటిన గంటలను వేరే రంగులో గుర్తు పెడతాను.

అక్కా, నా దగ్గర ఒక పెట్టె ఖాళీగా ఉంది. పది రోజులు వాడి చూడండి, కొనాలో వద్దో మీకే తెలుస్తుంది.

ఫిల్టర్ కాగితం (తిరుపతి), శుక్రవారం రాత్రి 8:45

ఈ తరం పిల్లలు ఇంత శ్రద్ధగా మాట్లాడుకోవడం చూసి సంతోషంగా ఉంది. నేను ఒక ల్యాబ్‌లో చాలా ఏళ్ళు గాలి నమూనాలు తీసే పని చేసి రిటైరైన వాణ్ణి. ఆన్‌లైన్ స్టేషన్లు రాకముందు గాలిని ఎలా కొలిచేవాళ్ళమో చెబుతాను. చాలా ఊర్లలో ఇప్పటికీ ఇలాగే కొలుస్తున్నారు.

తెల్లటి గ్లాస్ ఫైబర్ కాగితాన్ని ముందు డెసికేటర్‌లో పెట్టి తేమ లేకుండా చేస్తాం. తర్వాత తూకం. మిల్లీగ్రాములో పదో వంతు దాకా చూసే తక్కెడ అది, గదిలో ఫ్యాన్ వేసినా ముల్లు ఊగేది. కాగితాన్ని చేత్తో ముట్టుకోకూడదు, వేలి చెమట కూడా బరువే. దాన్ని మిద్దె మీద ఉండే యంత్రంలో బిగిస్తాం. అది నిమిషానికి సుమారు 1.1 క్యూబిక్ మీటర్ల గాలిని లాగుతుంది. ఎనిమిది గంటలకో కాగితం, రోజుకు మూడు. వారానికి రెండు రోజుల చొప్పున ఏడాదికి 104 రోజులు. రాత్రి రెండు గంటలకు వర్షంలో మిద్దె ఎక్కి కాగితం మార్చిన రోజులున్నాయి. మళ్ళీ డెసికేటర్, మళ్ళీ తూకం. పెరిగిన బరువును, లాగిన గాలితో భాగిస్తే మైక్రోగ్రాములు వస్తాయి. భోగి నాటి కాగితాన్ని మామూలు రోజు కాగితం పక్కన పెడితే ఇంక అంకె చెప్పాల్సిన పని లేదు. ఒకటి బూడిద రంగు, ఇంకోటి నలుపు.

ఇప్పటి స్టేషన్లలో చాలాచోట్ల కాగితం టేపు మీద రేణువులను పట్టి, దాని గుండా బీటా కిరణాలు పంపి ఎంత అడ్డుపడిందో చూస్తారు. లోపలికి వచ్చే గాలిని కొంచెం వేడి చేస్తారు కాబట్టి తేమ గొడవ తక్కువ. టంకం బాబూ, నీ పెట్టెను ఆ స్టేషన్ పక్కన కొన్ని వారాలు పెట్టి రెండు అంకెలూ పోల్చావా? పోల్చని తక్కెడతో సరుకు అమ్మకూడదు.

టంకం తమ్ముడు, శుక్రవారం రాత్రి 9:02

లేదు సార్. స్టేషన్ లోపలికి నన్ను ఎవరు రానిస్తారు?

ఫిల్టర్ కాగితం, రాత్రి 9:10

లోపలికి ఎందుకు? ఆ చుట్టుపక్కల ఇల్లున్నవాళ్ళు ఒకరు దొరికితే చాలు. వాళ్ళ మిద్దె మీద పెట్టు. గంట గంటకూ స్టేషన్ లెక్క పోర్టల్‌లో దొరుకుతుంది.

లీలామహల్ అంగడి, శనివారం ఉదయం 11:15

అందరూ కోపగించుకోకండి, ఒక మాట అడుగుతాను. నాకు లీలామహల్ సర్కిల్ దగ్గర అంగడి. పొద్దున నుంచి రాత్రి పది దాకా రోడ్డు మీదే నా బతుకు. బస్సులు, జీపులు, ఆటోలు. యాత్రికులు రాకుండా ఉండరు, వాళ్ళు రాకపోతే నాకు అన్నం లేదు. అంకె తెలుసుకుంటే టెన్షన్ తప్ప నాలాంటివాడికి ఏం ఒరుగుతుంది?

రాత్రి డ్యూటీ (నర్సు, తిరుపతి), శనివారం మధ్యాహ్నం 3:30

అన్నా, మీ మాటలో న్యాయం ఉంది. అంకె చూసి భయపడి ఆస్పత్రికి వచ్చినవాళ్ళనూ చూశాను, ఆయాసం వస్తున్నా వయసు మీద పడిందిలే అని ఆలస్యంగా వచ్చినవాళ్ళనూ చూశాను. రెండోవాళ్ళే ఎక్కువ.

మీరు చేయగలిగినవి ఉన్నాయి. అంగడి ముందు పొడి చీపురుతో ఊడ్చకుండా నీళ్ళు చల్లి ఊడ్వండి. కూర్చునే కుర్చీ రోడ్డు అంచు నుంచి నాలుగు అడుగులు లోపలికి జరపండి, బండ్ల పొగ రోడ్డు నుంచి దూరం పోయేకొద్దీ తగ్గుతుంది. రద్దీ గంటల్లో ఎన్95 మాస్కు పెట్టుకోండి. గుడ్డ మాస్కు సన్నటి రేణువులను పెద్దగా ఆపదు.

పాప వాళ్ళమ్మకు. డాక్టరు రోజూ వాడమన్న ఇన్‌హేలర్‌ను గాలి బాగున్న రోజు మానేయకండి. ఒక నోటుపుస్తకం పెట్టి ఏ రోజు, ఏ గంటకు దగ్గింది, ఆ వేళ ఇంట్లో ఏం జరుగుతోంది అని రాయండి. సెన్సర్ ఉంటే పక్కన ఆ అంకె కూడా. ఆ పుస్తకం చూపిస్తే డాక్టరుకు చాలా విషయం తెలుస్తుంది. మాటలు రాకుండా ఆయాసపడినా, పక్కటెముకలు లోపలికి పోతున్నా అంకెలు చూస్తూ కూర్చోకుండా వెంటనే తీసుకొచ్చేయండి.

మంగళం బస్సు, శనివారం సాయంత్రం 5:00

అక్కా, కసువు తగలబెట్టేవాళ్ళ మీద ఫిర్యాదు ఇవ్వండి. బహిరంగంగా చెత్త కాలిస్తే 5,000 రూపాయలు, పెద్ద మొత్తంలో అయితే 25,000 జరిమానా అని జాతీయ హరిత ట్రైబ్యునల్ 2016 డిసెంబర్‌లోనే చెప్పింది. ఫోటో, టైము, స్థలం ఉంటే చాలు.

వేపచెట్టు ఇల్లు, పద్దెనిమిది రోజుల తర్వాత, బుధవారం రాత్రి 10:30

ఆలస్యానికి క్షమించండి. టంకం తమ్ముడు పెట్టె తెచ్చిచ్చాడు, నోటుపుస్తకం రాశాను. పది రోజుల్లో నేను అనుకున్నవి కొన్ని నిజమయ్యాయి, కొన్ని తలకిందులయ్యాయి.

పొగ పెట్టే వేళ రాత్రి తొమ్మిదిన్నర నుంచి పదకొండు మధ్య. ఆ వేళ అంకె 200 దాటుతుంది, మూత కింద చిక్కుకుని తెల్లవారేదాకా పూర్తిగా దిగదు. పాప దగ్గు రాత్రి రెండు గంటలకు ఎందుకొస్తుందో అప్పుడు అర్థమైంది. ఇన్నాళ్ళూ చలి వల్ల అనుకుని ఇంకో దుప్పటి కప్పేదాన్ని.

నాకు నమ్మబుద్ధి కానిది ఇంకోటి. ఒకరోజు సాయంత్రం ఏ పొగా లేదు, పెట్టె హాల్లో ఉంది, 310 చూపించింది. నేను వంటింట్లో ఎండుమిరపకాయలు వేసి తిరగవాత పెడుతున్నాను! దేవుడి దగ్గర అగరబత్తి వెలిగించినా 120. చలి అని వంటింటి కిటికీ మూసి వండుతున్నాను ఇన్ని రోజులు. ఇప్పుడు కిటికీ తీసి, ఎగ్జాస్ట్ ఫ్యాన్ వేసి వండుతున్నా. పావుగంటలో దిగిపోతోంది. అగరబత్తి మానేసి నూనె దీపం ఒక్కటే పెడుతున్నాను, అదీ పాప బయట ఆడుకునేటప్పుడు.

ఫిర్యాదు ఇవ్వడానికి ఫోటో తీయాలని పదో రోజు రాత్రి సందు చివరకు వెళ్ళాను. నిప్పు పెడుతున్నది మా టిఫిన్ బండి ఆయన. రోజూ ఆయన దగ్గరే ఇడ్లీ కొంటాం. నన్ను చూసి తలవంచుకున్నాడు. చెత్త బండి పొద్దున ఆరింటికే వచ్చి వెళ్ళిపోతుందంట, ఆయన సాయంత్రం బండి పెడతాడు. పేపరు ప్లేట్లు, కవర్లు అక్కడే వదిలితే కుక్కలు చెల్లాచెదురు చేస్తాయని కాల్చేస్తున్నాడు. పాప సంగతి చెప్పి పెట్టెలో అంకె చూపించాను. "అమ్మా, బిడ్డకు ఇట్లయితాదని నాకు తెలీదు" అన్నాడు. ఇప్పుడు రాత్రి మూట కట్టి మా గేటు లోపల పెట్టి వెళ్తున్నాడు, పొద్దున మా చెత్తతో పాటు నేను బండికి వేస్తున్నాను. వారం నుంచి మంట లేదు. ఎండుటాకులు కాల్చే పక్కింటి పెద్దాయనతో ఇంకా మాట్లాడాలి.

పాప రాత్రి రెండుసార్లే దగ్గింది ఈ వారం. మందు వల్లా, గాలి వల్లా అని డాక్టరు గారే చెప్పాలి. పుస్తకం తీసుకెళ్తున్నాను.

కపిలతీర్థం వాకర్, గురువారం ఉదయం 9:40

అమ్మా, చదివి మనసు నిండింది. నేను ఎనిమిదిన్నరకు నడక మార్చాను, గొంతు మంట తగ్గింది. మొన్న టంకం బాబు ఇంకో పెట్టె చేతిలో పెట్టుకుని నాతో అలిపిరి మెట్లెక్కాడు. గాలిగోపురం చేరేసరికి అంకె కింద ఉన్నదానిలో సగమైంది. దారిలో ఒకచోట మాత్రం ఒక్కసారిగా లేచింది. చూస్తే, ఒక కుటుంబం మెట్టు మెట్టుకూ పసుపు కుంకుమ పెట్టి కర్పూరం వెలిగిస్తోంది. రెండు నిమిషాల్లో మళ్ళీ దిగిపోయింది.

కొర్లగుంట నుంచి వైకుంఠపురం, గురువారం ఉదయం 10:25

కొత్త సభ్యుణ్ణి. మా ఇల్లు ఆ స్టేషన్‌కు రెండు వీధుల అవతల. మిద్దె మీద కరెంటు ప్లగ్గు ఉంది. మూడు పెట్టెలైనా పెట్టుకోండి, నెల కాదు, వాన కాలం దాకా ఉంచండి.

టంకం తమ్ముడు, గురువారం ఉదయం 10:31

అన్నా, చాలా థ్యాంక్స్! ఆదివారం పొద్దున వస్తాను. సార్, మీరూ రాగలరా?

ఫిల్టర్ కాగితం, గురువారం ఉదయం 11:00

వస్తాను. ముందు మూడు పెట్టెలనూ రెండు రోజులు ఒకేచోట ఆనించి పెట్టు. వాటిలో వాటికే తేడా ఎంతుందో తెలియకుండా స్టేషన్‌తో పోల్చి లాభం లేదు. ఎండాకాలం, వానాకాలం, చలికాలం మూడింటికీ విడివిడిగా లెక్క కట్టాలి.

కట్టమంచి గట్టు, గురువారం మధ్యాహ్నం 2:15

చిత్తూరులో గంగినేని చెరువు దగ్గర నేను ఇల్లు వెతుకుతాను. పడేసిన మీటరును అటక మీద నుంచి దించి తుడిచాను, పనిచేస్తోంది.

వేపచెట్టు ఇల్లు, గురువారం రాత్రి 9:20

నేను సొంతంగా ఒకటి తీసుకుంటున్నాను. బయట ఎక్కడ కట్టాలి తమ్ముడూ? మిద్దె మీద వాటర్ ట్యాంకు పక్కనా, కింద గేటు దగ్గరా?

టంకం తమ్ముడు, గురువారం రాత్రి 9:34

రెండూ వద్దక్కా. ట్యాంకు పక్కన ఎండకు కాలిపోతుంది, గేటు దగ్గర ప్రతి బండి పొగనూ పట్టుకుంటుంది. నేరుగా ఎండ పడని గోడ చూడండి, చూరు కింద, మనిషి తల కంటే కొంచెం ఎత్తులో. గాలి లాగే రంధ్రం కిందికి ఉండాలి, వాన పడకుండా. వంటింటి ఎగ్జాస్ట్‌కు ఎదురుగా మాత్రం పెట్టొద్దు, మళ్ళీ మీ తిరగవాతే కొలుస్తుంది.

వేపచెట్టు ఇల్లు, గురువారం రాత్రి 9:41

పాప గది కిటికీ పక్కన ఉత్తరం గోడకు బట్టలారేసే తాడు కొక్కెం ఉంది. దానికే కడతాను. రాత్రి తొమ్మిదిన్నర నుంచి తెల్లవారేదాకా అంకెలు ఆదివారం ఇక్కడే పెడతాను.